కాయ పట్టే మనిషి

మొన్న మా ఇంటికి నీళ్ళు శుద్ధి చేసే యంత్రం అమ్మడానికి ఒక కుర్రాడు వచ్చాడు. అమలాపురంలో ఈ మధ్య ఇలాంటి వాళ్ళు వారానికి ఒకరైనా తలుపు కొడుతున్నారు. మెడలో కార్డు, చేతిలో కలంలాంటి చిన్న పరికరం. మా కుళాయి నీళ్ళు గ్లాసుతో తెమ్మని, అందులో ఆ కలాన్ని ముంచి, దాని మీద వెలిగిన అంకె నాకు చూపించి, "చూసేరాండీ, ఇవి తాగే నీళ్ళు కాదండి" అన్నాడు. నేను గ్లాసు అందుకుని ఒక గుక్క పుక్కిట పట్టి మింగాను. "కాలవ నీళ్ళలో బోరు నీళ్ళు కలుపుతున్నారు నాయనా. ఈ వారం బోరు వాటా ఎక్కువైంది" అన్నాను. అతను పరికరం కేసి ఒకసారి, నా కేసి ఒకసారి చూశాడు. "మీకెలా తెలిసిందండి?" అన్నాడు. చెప్పాలంటే చాలాసేపు పడుతుందని ఊరుకున్నాను. యంత్రం మాత్రం కొన్నాను.

అతనికి చెప్పనిది ఇది.

నాన్నగారికి ఏడాదికో ఊరు బదిలీ అవుతూ ఉండడంతో మూడో తరగతి నుంచి ఐదో తరగతి దాకా నన్ను అమ్మమ్మగారింట్లో ఉంచారు. రాజోలు దాటి సముద్రం వైపు వెళితే, వరిచేలు పలచబడి ఇసుక మెరకలు మొదలయ్యే చోట ఉండేది ఆ ఊరు. ఊళ్ళో అడుగు పెట్టగానే రెండు వాసనలు తగిలేవి. ఒకటి గుంటల్లో పీచు కోసం నెలల తరబడి నానుతున్న కొబ్బరి డొక్కల కుళ్ళు వాసన. రెండోది సముద్రపు గాలి. కొత్తవాళ్ళు మొదటిదానికి ముక్కు మూసుకునేవారు. నాలుగు రోజులైతే రెండూ తెలిసేవి కావు.

ఆ ఊళ్ళో ఎక్కడ తవ్వినా నీళ్ళు పడేవి. నాలుగడుగుల్లోనే ఊరేవి. కాని తాగడానికి పనికొచ్చేవి తక్కువ. ఒక దొడ్లో కొబ్బరినీళ్ళలా ఉండే నీరు, ఇరవై అడుగులు అవతల కంచె దాటితే నోట పెట్టలేనంత ఉప్పగా ఉండేది. పిల్లనిచ్చే వాళ్ళు సంబంధం చూడడానికి వస్తే ముందు ఆ ఇంటి నూతి నీళ్ళు అడిగి తాగేవారు. ఆ తరవాతే పెరుగన్నమూ, మాటలూ.

అందుకని ఆ చుట్టుపక్కల ఎవరు నుయ్యి తవ్వించుకోవాలన్నా మా తాతయ్య కోసం వచ్చేవారు. ఆయనకి అరెకరం కొబ్బరితోట ఉంది, దాని మీద బతికేవాడు. నుయ్యి చూడడం బతుకుతెరువు కాదు. ఒక తుండుగుడ్డ, రెండు కాయలు, తాంబూలం పెట్టేవారు, అంతే. ఆయన నలుగురిలోకీ వెళితే మాత్రం, "కాయ పట్టే ఆయనండి" అని దారి ఇచ్చేవారు.

కాయ పట్టడం చూడముచ్చటగా ఉండేది. పీచు ఒలిచిన కొబ్బరికాయను కుడి అరచేతిలో పడుకోబెట్టి, పిలక ముందు వైపుకి వచ్చేట్టు పెట్టుకుని, తాతయ్య స్థలమంతా నెమ్మదిగా నడిచేవాడు. వెనకాల ఇంటివాళ్ళు, వాళ్ళ వెనకాల ఊరు. ఎక్కడో ఒకచోట అరచేతిలో పడుకున్న కాయ పిలక పైకి వచ్చేట్టు లేచి నిలబడేది. జనం 'అహా' అనేవారు. తాతయ్య కాలి బొటనవేలితో అక్కడ ఇసకలో గీత గీసేవాడు. ఆ గీత మీదే నూతి వరలు దిగేవి. అప్పటికి నాకు తెలిసి ఆయన చూసిన నుయ్యి ఒక్కటీ ఉప్పెక్కలేదు.

ఆ కాయ మామూలుది కాదని అమ్మమ్మ నమ్మకం. వంటింటి గూట్లో దేవుడి పటాల పక్కన ఉండేది. శుక్రవారం శుక్రవారం అమ్మమ్మ దానికి పసుపు రాసి బొట్టు పెట్టేది. ఎప్పుడైనా కుళ్ళితే కొత్త కాయను తాతయ్య చేత్తోనే తెప్పించి మళ్ళీ పసుపు రాసేది. ఆవిడకి చుట్ట కాల్చే అలవాటు. కాని ఆ గూటి దగ్గర మటుకు వెలిగించేది కాదు.

తాతయ్యకి చుట్ట అలవాటు లేదు. ఆకూ వక్కా ముట్టేవాడు కాదు. నుయ్యి చూడడానికి వెళ్ళే ముందు రెండు రోజులు ఉప్పు లేని అన్నం తినేవాడు. మాగాయ జాడీ మూత తీస్తేనే లేచి వాకిట్లోకి వెళ్ళిపోయేవాడు. అది వ్రతమనుకునేవాళ్ళు అందరూ. నేనూ అలాగే అనుకున్నాను, ఒక పొద్దున్న ఆయన వెనకాలే వెళ్ళేదాకా.

అప్పుడు నాకు తొమ్మిదేళ్ళు. ఇంకా పూర్తిగా తెల్లవారలేదు. తాతయ్య చిన్న గునపం పట్టుకుని ఒక్కడూ పుంతదారి వెంట వెళుతున్నాడు. మర్నాడు కాయ పట్టవలసిన స్థలం అటే. మొగలి పొదల చాటున నేను కూర్చున్నాను. ఆయన ముందు గడ్డి చూశాడు. ఎక్కడ తుంగ ఉందో, ఎక్కడ ఉప్పు నేలలో మొలిచే కండ ఆకుల మొక్క ఉందో వంగి వంగి చూశాడు. అయిదారు చోట్ల మోచేతి లోతున తవ్వి, తడి ఇసక తీసి గుడ్డలో మూటకట్టి పిండి, కారిన నీటిచుక్కలను నాలిక మీద వేసుకున్నాడు. ప్రతిసారీ ఉమ్మి, ముంతలో తెచ్చుకున్న నీళ్ళతో నోరు పుక్కిలించాడు. ఒకచోట మాత్రం ఉమ్మలేదు, మింగాడు. అక్కడ చిన్న గవ్వ ఒకటి పాతిపెట్టి, తవ్విన గుంటలన్నీ కాలితో పూడ్చేశాడు.

మర్నాడు ఊరంతా చూస్తుండగా సరిగ్గా ఆ గవ్వ మీద కాయ నిలబడింది. ఆయన మణికట్టు కాస్త కదలడం నాకు కనిపించింది.

ఇంటికి వస్తూ దారిలో అడిగాను. "తాతయ్యా, కాయని నువ్వే లేపేవు కదూ?"

ఆయన ఆగాడు. కోపం రాలేదు. "చూసేవా?" అన్నాడు. "నిన్న పొద్దున్న పొదల్లో దగ్గింది నువ్వేనన్నమాట."

"మరి కాయెందుకు?"

"నాలిక పెట్టి చూసేనంటే ఎవరూ నమ్మరే అమ్మడూ. గడ్డి చూసి చెప్పేనంటే, గడ్డి మాకూ కనపడుతోంది కదా అంటారు. కాయైతే నమ్ముతారు. నమ్మితేగాని తవ్వరు." కాస్త దూరం నడిచాక అన్నాడు, "ఇది నీకూ నాకూ తప్ప ఎవరికీ తెలీదు. మీ అమ్మమ్మకి కూడా."

ఆ మాటకి నేను వారం రోజులు నేల మీద నడవలేదు. అప్పటి నుంచి తెల్లవారుజామున నన్నూ తీసుకెళ్ళేవాడు. నాకూ ఉప్పు లేని అన్నమే పెట్టమనేవాడు. అమ్మమ్మ తరవాణి కుండ దగ్గరికి వెళ్ళనిచ్చేవాడు కాదు, పులుపు తగిలితే నాలిక రెండు రోజులు అబద్ధాలు చెబుతుందనేవాడు. ఆ ఏడాదిలో నాలుగు నూతుల నీళ్ళు కళ్ళు మూసుకుని తాగి ఏది ఎవరిదో చెప్పడం నేర్చుకున్నాను.

కోతలయ్యాక సర్వేవాళ్ళు వచ్చారు.

నేల అడుగున గ్యాసు ఉందో, చమురు ఉందో చూడడానికి వచ్చారని చెప్పుకున్నారు. లారీల నిండా తీగలు. కోసిన చేలల్లో మైళ్ళ పొడుగునా ఎర్రవీ పసుపువీ తీగలు పరిచి, వాటికి గజానికొక మేకు తగిలించి నేలలో గుచ్చారు. అక్కడక్కడ సన్నటి లోతైన గోతులు తవ్వి, అందులో మందు పెట్టి పేల్చేవాళ్ళు. చప్పుడు చెవికి చిన్నగానే వినిపించేది. కాని అరికాలికి బాగా తెలిసేది. గూట్లో ఇత్తడి చెంబులు గలగలలాడేవి. అమ్మమ్మ కాయ పడిపోకుండా దాని చుట్టూ బియ్యం పోసింది.

బడి పిల్లలందరికీ తీగల పిచ్చి పట్టింది. పాడైన ముక్కలు ఏరుకుని ఉంగరాలు, గాజులు అల్లేవాళ్ళం. నాకు బుట్ట అల్లాలనిపించింది. బుట్టకి ముక్కలు చాలవు. ఒక మధ్యాహ్నం క్యాంపు గుడారం వెనక చుట్ట చుట్టి పెట్టిన తీగలోంచి పళ్ళతో కొరికి తెంపుతూ సర్వే ఇంజినీరుగారికి దొరికిపోయాను.

ఆయన కుర్రవాడే. ఈ ప్రాంతం మనిషి కాదు, తెలుగు కాస్త పుస్తకంలోలాగా మాట్లాడేవాడు. క్యాంపు దగ్గర మంచినీళ్ళు పడక మా ఇంటికి వచ్చి నూతి నీళ్ళు తాగి వెళుతూ ఉండేవాడు. అమ్మమ్మ ఆయనకి కొబ్బరి లౌజు పెట్టేది. అందుకని నన్ను గుర్తు పట్టాడు. తిట్టలేదు. నవ్వి, "మీ తాతగారు కాయతో నీళ్ళు కనిపెడతారట కదా! అదెలాగో చెబితే ఈ చుట్టంతా నీకే ఇస్తాను" అన్నాడు.

చెప్పాను. గడ్డి, గునపం, గుడ్డ, గవ్వ, మణికట్టు, అన్నీ చెప్పాను. ఆయన చిన్న పుస్తకంలో రాసుకుంటూ విన్నాడు. చివరికి, "ఎంత గొప్పవారు!" అన్నాడు. తీగ చుట్ట ఇచ్చాడు. సగం ఎరుపు, సగం పసుపు.

క్యాంపుకి నీళ్ళు కావాలి కాబట్టి సర్వే కంపెనీవాళ్ళు లోతుగా ఒక గొట్టపు బోరు వేస్తామన్నారు. పని అయిపోయాక ఊరికే వదిలేసి వెళతామన్నారు. దాని మీద మాట్లాడడానికి ప్రెసిడెంటుగారు బడి ఆవరణలో ఊరివాళ్ళని పిలిచారు. తాతయ్యను కూడా బల్ల మీద కూర్చోబెట్టారు. అమ్మమ్మ ఆడవాళ్ళలో నిలబడింది. నేను ఆవిడ పక్కన ఉన్నాను.

తాతయ్య వద్దన్నాడు. "ఇక్కడ మంచినీళ్ళు పైపైనే ఉన్నాయండి, పాల మీద మీగడలాగ. కిందంతా ఉప్పేనండి. పొడిచేమంటే రెండూ కలిసిపోతాయండి" అన్నాడు.

ఇంజినీరుగారు ఎంతో మర్యాదగానే చెప్పాడు. ఉప్పు పొర కింద బంకమట్టి పొర ఉందని, దాని కింద మళ్ళీ ఇసక ఉందని, అందులో మంచినీళ్ళున్నాయని, తమ తీగల్లో అది కనిపించిందని. జనం అటూ ఇటూ చూశారు. ఒకాయన లేచి, "తీగలేంటండీ, కాయ చెప్పాలి గాని" అన్నాడు.

అప్పుడు ఇంజినీరుగారు నవ్వుతూ అన్నాడు. "మీ పెద్దాయన కూడా మాలాంటివారేనండి! ఆ కాయలో ఏమీ లేదు. ముందు రోజు తెల్లవారుజామున వచ్చి గడ్డి చూసి, ఇసక తవ్వి రుచి చూసి ముందే తేల్చుకుంటారు. కాయ కేవలం మీ కోసం. నిజానికి ఆయన చేసేది శాస్త్రం. మేము లక్షల ఖరీదు యంత్రాలతో చేసేది ఆయన నాలికతో చేస్తున్నారు. ఆయనకి నేను నమస్కారం పెడుతున్నాను." పెట్టాడు కూడా.

పొగిడాడు. ఆ మనిషి పొగడడానికే చెప్పాడని ఇప్పటికీ నాకు సందేహం లేదు. కాని అక్కడున్న వాళ్ళు అందులో విన్నది ఒక్కటే ముక్క.

ప్రెసిడెంటుగారు తాతయ్య వైపు తిరిగి, "నిజమేనా బాబాయ్?" అని అడిగారు.

తాతయ్య భుజం మీద తుండుగుడ్డ సర్దుకున్నాడు. "ఆయ్. నిజవేనండి" అన్నాడు.

వెనకనుంచి ఎవరో, "అయితే మా నూతికి పట్టింది కూడా ఉత్తకాయేనేటండీ?" అన్నారు. నవ్వులు మొదలయ్యాయి. ఆ నవ్వుల మధ్య అమ్మమ్మ తల దించుకుని ఇంటికి వెళ్ళిపోయింది.

ఆవిడ నాలుగు రోజులు తాతయ్యతో మాట్లాడలేదు. కంచం పెట్టి పక్కకి వెళ్ళి చుట్ట వెలిగించుకునేది. ఐదో రోజున కడుపులోది బయటపెట్టింది. "ఊరికి చెప్పకపోతే పోనీండి. నాకు చెప్పొద్దాండీ? నలభై ఏళ్ళు పసుపు రాసేను ఆ కాయకి. పిల్లలకి జ్వరాలొస్తే దాన్ని అడిగేను." తాతయ్య అన్నం కలుపుతూ ఆగిపోయాడు. చెయ్యి కడుక్కుని తోటలోకి వెళ్ళిపోయాడు. ఆ రోజే అమ్మమ్మ ఆ కాయను పగలగొట్టి పచ్చడి చేసింది. మేము ముగ్గురం తిన్నాం.

నేను సగం అల్లిన బుట్టను డొక్కలు నానే గుంటలో పారేశాను. ఎవరు చెప్పారని తాతయ్య నన్ను అడగలేదు. అడుగుతాడని రోజూ ఎదురుచూసేదాన్ని. అడక్కపోవడం ఎక్కువ కష్టంగా ఉండేది.

బోరు పడింది. మనిషి తొడంత లావు ధార. తెల్లగా, తియ్యగా ఉన్నాయి నీళ్ళు. పిల్లలం దాని కింద తడిశాం. జనం బిందెలతో వరసకట్టారు. మూడో రోజున తాతయ్య వెళ్ళాడు. దోసిలి పట్టి తాగి, కాసేపు నోట్లోనే ఉంచుకుని మింగాడు. ఇంజినీరుగారితో, "బాగున్నాయండి. నేననుకున్నది తప్పండి" అన్నాడు. అందరికీ వినపడేట్టే అన్నాడు. ఇంజినీరుగారు ఆయన చేతులు పట్టుకోబోతే ఒక అడుగు వెనక్కి వేసి నమస్కారం పెట్టి వచ్చేశాడు.

తరవాత తాతయ్య కోసం ఎవరూ రాలేదు. ఊళ్ళో ఆయన పేరు ఉత్తకాయ తాతగా మారింది. కొబ్బరి దింపులకి వచ్చేవాళ్ళు కూడా చెట్టు మీద నుంచి, "తాతగారూ, ఇది గట్టికాయేనాండీ, ఉత్తదాండీ?" అని అడిగి నవ్వేవాళ్ళు. ఆయనా నవ్వేవాడు. ఒకసారి ఎవరో నుయ్యి తవ్వుకుంటుంటే తనే వెళ్ళి, ఉత్తచేతులతో నిలబడి, "ఇక్కడ కాదండి, ఆ తాటిచెట్టు కిందైతే బాగుంటాయండి" అన్నాడు. వాళ్ళు వినలేదు. ఉప్పు నీళ్ళు పడ్డాయి. పూడ్చేసి బోరు వేసుకున్నారు. అప్పటికి బోర్లు చవకయ్యాయి.

నేను నాన్నగారి దగ్గరికి వెళ్ళిపోయాను. మళ్ళీ వేసవి సెలవులకి వచ్చేటప్పటికి ఏడో తరగతి పూర్తయింది. ఊళ్ళో బోర్లు ముప్పయ్యో నలభయ్యో ఉన్నాయి. చేలను తవ్వి ఉప్పునీటి రొయ్యల చెరువులు చేస్తున్నారు. కంపెనీ వదిలిన బోరు నీళ్ళు ఎర్రగా వస్తున్నాయి, పప్పు ఉడకడం లేదు. పాతనూతుల్లో సగం ఉప్పెక్కి పాడయ్యాయి. తాతయ్య వద్దన్న కారణం పూర్తిగా నిజమూ కాలేదు, పూర్తిగా అబద్ధమూ కాలేదు. ఆ సంగతి ఊళ్ళో ఎవరూ మాట్లాడలేదు. తాతయ్యా మాట్లాడలేదు.

ఒకరోజు పేట చివర పీచుతాళ్ళు పేనే ఆవిడ వచ్చింది. భర్త పోయాడు, ఇద్దరు ఆడపిల్లలు. అరచేతులు తాడు పేనీ పేనీ చెక్కల్లా ఉండేవి. మోకాళ్ళ నొప్పులతో రోజూ మైలు దూరం వెళ్ళి నీళ్ళు తెచ్చుకుంటోంది. వాకిట్లో నిలబడి, "బాబాయిగారూ, మా దొడ్లో ఓపాలి చూడండి. పదడుగులైనా తవ్వుకుంటాం" అంది.

"నా దగ్గర కాయ లేదమ్మా" అన్నాడు తాతయ్య.

"కాయెందుకండీ నాకు? నాలిక తెచ్చుకోండి, చాలు."

అమ్మమ్మ లోపలి నుంచి అంతా వింటోంది. ఆ రాత్రి ఎవరూ చెప్పకుండానే మా ఇద్దరికీ ఉప్పు లేని అన్నం పెట్టింది.

రెండో రోజు తెల్లవారుతుండగా వెళ్ళాం. ఆవిడ దొడ్డి చిన్నది, మూడు వైపులా కొత్త చెరువుల గట్లు. తాతయ్య అయిదు చోట్ల తవ్వాడు. గుడ్డ పిండి నాలిక మీద వేసుకున్నాడు. మళ్ళీ వేసుకున్నాడు. పక్కకి వెళ్ళి కూర్చున్నాడు.

"అన్నీ ఒకలాగే ఉన్నాయే అమ్మడూ. నాలిక మొద్దుబారిపోయింది. నువ్వు చూసి చెప్పు."

గుడ్డ నా చేతిలో పెట్టాడు. నాకు చెయ్యి ముందుకి రాలేదు. "తాతయ్యా, నేను చెప్పను" అన్నాను. "ఆ రోజు ఇంజినీరుగారికి చెప్పింది నేనే. తీగ ఇస్తానంటే చెప్పేశాను."

"తెలుసు" అన్నాడు. "నీకూ నాకూ తప్ప ఎవరికి తెలుసని? నేనైతే చెప్పలేదు."

"మరి తిట్టలేదేం?"

ఆయన చేతులకున్న ఇసక దులుపుకున్నాడు. "నువ్వు చెప్పింది నిజం. నేను దాచింది అబద్ధం. ఏ మొహం పెట్టుకుని తిట్టను?" అన్నాడు. "ఏడుపు ఆపు. కన్నీళ్ళు నోట్లోకి పోతే రుచి తెలీదు. తాగి చూడు."

నోరు పుక్కిలించుకుని అయిదు గుంటలూ చూశాను. నాలుగు ఉప్పగా ఉన్నాయి. మూలన కరివేపాకు చెట్టు దగ్గరది ఉప్పగా లేదు, తియ్యగా కూడా లేదు. చప్పగా ఉంది. భయపడుతూనే చెప్పాను. తాతయ్య, "తవ్వుకో అమ్మా" అన్నాడు ఆవిడతో. ఆవిడ మారు ప్రశ్న వెయ్యలేదు.

ఆరు వరలు దిగాయి. పేటవాళ్ళు వచ్చి గట్ల మీద నిలబడి చూశారు. మొదట బురదనీళ్ళు, తరవాత తెలుపు. చేద పైకి లాగి ముందు నాకే ఇచ్చింది ఆవిడ. పూర్వం తాతయ్య చూసిన నూతులంత బాగా లేవు. తాగొచ్చు. ఆ మాటే చెప్పాను. తాతయ్య తలూపాడు.

ఆయన చూసిన ఆఖరి నుయ్యి అదే. ఆయన చూశాడనాలో, నేను చూశాననాలో ఇప్పటికీ తెలియదు. తరవాత నేను చదువులో పడ్డాను, ఎవరి కోసమూ మళ్ళీ నాలిక మీద ఇసకనీళ్ళు వేసుకోలేదు. ఆ ప్రాంతంలో గ్యాసు దొరికింది. గొట్టాలు వేశారు. ఆ ఇంజినీరుగారు ఎక్కడో పెద్ద హోదాలో రిటైరై ఉంటారు. చిన్న పుస్తకంలో రాసుకున్నది ఏం చేశారో తెలియదు. ఆయన మీద నాకు కోపం ఎప్పుడూ రాలేదు. ఆ ఊళ్ళో తాతయ్య చేసే పని ఎలాంటిదో అర్థం చేసుకున్న మొదటి మనిషి ఆయనే.

చాలా ఏళ్ళ తరవాత ఒక పెళ్ళికి అటు వెళ్ళి, తాళ్ళు పేనే ఆవిడని చూసి వచ్చాను. చూపు మందగించింది, నన్ను గొంతు బట్టి గుర్తు పట్టింది. నుయ్యి లేదు. చెరువు నీళ్ళు ఊరి ఉప్పెక్కితే పూడ్చేసి, దాని మీద కోళ్ళగూడు కట్టారు.

"ఎన్నాళ్ళు తాగారు ఆ నీళ్ళు?" అని అడిగాను. కొంచెం సంజాయిషీ ఇచ్చుకుంటున్నట్టుగానే అడిగాను కాబోలు.

ఆవిడ ఏళ్ళు లెక్కపెట్టలేదు. "మా ఇద్దరు ఆడపిల్లల పురుళ్ళూ ఆ నీళ్ళతోటే పోసేనండి" అంది.